ఆటపెట్టె తాళంచెవి

పిల్లలూ, తామ్రగిరి రాజ్యంలో ఒక ఏడాది ఎవరికీ కుదురు లేకుండా పోయింది. కోటలో దాసీలు తెచ్చిన పళ్ళెం ఎక్కడ దించాలో తోచక అటూ ఇటూ తిరిగేవారు. కావలి భటులు నిలుచున్నచోటే కాళ్ళు మార్చుకుంటూ ఉండేవారు. భద్రకేతు మహారాజుకు సింహాసనం మీద కూర్చుంటే లేవాలనిపించేది, లేచి నాలుగడుగులు వేస్తే మళ్ళీ కూర్చోవాలనిపించేది. గజశాలలో ఏనుగులు సైతం గొలుసులు తెంపుకోవాలని చూసేవి. ఇంత అలజడికీ కారణం రాజుగారి ఒక్కగానొక్క కూతురు హేమలేఖ.

హేమలేఖ పుట్టినప్పుడు ఒక యంత్రయక్షిణి కోటకు వచ్చి ఆమెకు ఒక ఆటపెట్టెను కానుకగా ఇచ్చింది. అది అరచేతిలో ఇమిడేంత నల్లని పెట్టె. ముఖం మీద అద్దం, అద్దానికి అటూ ఇటూ బొటనవేళ్ళతో నొక్కే మీటలు ఉండేవి. పెట్టెలో ఒక రాగిబిళ్ళ వేస్తే అద్దంలో ఒక లోకం వెలిగేది. అందులో కొండలు, కోటలు, సముద్రాలు, వాటి మధ్య పరుగెత్తే వేలెడంత మనిషి. మీటలు ఎలా నొక్కితే ఆ మనిషి అలా నడిచేవాడు. యక్షిణి చాలా బిళ్ళలు ఇచ్చింది. అన్నీ ఎప్పుడంటే అప్పుడు తెరుచుకునేవే, ఒక్క బంగారు అంచు బిళ్ళ తప్ప. "దీనికి అక్షరాల తాళం వేశాను. ఈ పిల్ల పట్టాభిషేకం రోజున అదే తెరుచుకుంటుంది. అంతదాకా ఆగాలి," అని చెప్పి ఆమె వెళ్ళిపోయింది.

ఆగడమే హేమలేఖ వల్ల కాలేదు. పదహారో ఏడు వచ్చేసరికి మిగిలిన ఆటలన్నీ విసుగెత్తాయి. బంగారు బిళ్ళను తిప్పి తిప్పి చూసేది. ఒకనాడు ఊరి బయట సంతలో ఎవడో వింత వర్తకుడు ఏ తాళానికైనా చెవి అమ్ముతాడని విని, మారువేషంలో వెళ్ళి ఒక రాగి తాళంచెవి కొనుక్కుని వచ్చింది. బిళ్ళను పెట్టెలో వేసి, చెవిని పెట్టె పక్కనున్న రంధ్రంలో పెట్టి తిప్పింది. చెవి పుటుక్కున విరిగి లోపలే ఇరుక్కుపోయింది. అద్దం మాత్రం భగ్గున వెలిగింది.

అప్పటి నుంచి హేమలేఖ కిటికీ పక్కన కూర్చున్నది కూర్చున్నట్టే ఉండిపోయింది. పిలిస్తే పలకదు. కళ్ళు మూయదు. బొటనవేళ్ళు మాత్రం మీటల మీద ఆగకుండా కదులుతూనే ఉంటాయి. అద్దంలోకి తొంగిచూస్తే హేమలేఖలాగే కుంకుమరంగు పావడా కట్టిన వేలెడంత అమ్మాయి ఊళ్ళు దాటుతూ, వాగులు దాటుతూ పరుగెడుతూ కనిపించేది. ఎక్కడా ఆగేది కాదు. కొన్నాళ్ళకు అద్దం మూల ఒక బీట పడింది. ఆ బీట రోజురోజుకూ పాకుతూ వచ్చింది. అద్దం పగిలితే లోపలి పిల్ల ఏమవుతుందో తలుచుకోవడానికే అందరికీ భయం వేసింది.

ఆ రాజ్యంలో పోలన్న అనే లక్కబొమ్మలు చేసే పనివాడు ఉండేవాడు. అతని కూతురు చెంగల్వ హేమలేఖకు ఊహ తెలిసినప్పటి నుంచీ చెలికత్తె. ఇద్దరూ ఒకే పెట్టె ముందు తలలు ఆనించుకుని ఆడుకున్నవాళ్ళే. బీట సంగతి తెలిసిన నాటి నుంచి చెంగల్వ ఇంట్లో నిలవలేదు. "పాత పెట్టె పగిలేలోగా ఇంకో పెట్టె చెయ్యి నాన్నా" అని తండ్రి ప్రాణం తీసింది.

పోలన్న బొమ్మలకు వాడే అంకుడుకర్ర తెచ్చి, తాడు లాగితే తిరిగే తరిమెన మీద పెట్టి చెక్కి, లక్క పూసి, అచ్చం యక్షిణి పెట్టెలాంటిదే చేశాడు. అదే కొలత, అవే మీటలు, అలాంటిదే అద్దం. పాత పెట్టెను దానికి ఆనిస్తే, కుండలోంచి కుండలోకి నీళ్ళు దిగినట్టు పాత ఆటలన్నీ కొత్త పెట్టెలోకి దిగాయి. బంగారు బిళ్ళ లోకం మాత్రం దిగలేదు. కొత్త అద్దం నిండా తెల్లటి మంచు కమ్మింది, అంతే.

"తాళం వేసిన లోకం, మహారాజా. చెవి లేనిదే దిగిరాదు. పాత పెట్టెలో తిప్పుదామంటే ఆ దొంగచెవి ముక్క అడ్డంగా ఉంది," అన్నాడు పోలన్న.

"ఆ చెవి ఎక్కడ దొరుకుతుంది?" అన్నాడు రాజు, అప్పటికే గది అంతా కలియదిరుగుతూ.

"అది అమ్మిన సంత వర్తకుణ్ణే అడుగుతాను. వాడి సంగతి హేమలేఖ నాకు చెప్పింది," అంది చెంగల్వ. "నేను వెళ్తాను, మహారాజా."

"అయ్యో, నువ్వు వెళ్తే నా తరిమెన తాడు ఎవరు లాగుతారే?" అన్నాడు పోలన్న. కానీ అతని కళ్ళల్లో ఉన్న బెంగ తాడు గురించి కాదని చెంగల్వకు తెలుసు. లక్కకడ్డీలు, తను చేసిన గిలక్కాయ ఒకటి, అటుకులు, బెల్లం సంచిలో వేసుకుని ఆ పూటే బయల్దేరింది.

*

వర్తకుడి జాడ తీస్తూ చెంగల్వ సంత నుంచి సంతకు వెళ్ళింది. ఎవరిని అడిగినా "అటు వెళ్ళాడు" అన్నారే గాని "ఇక్కడున్నాడు" అన్నవాడు లేడు. చివరికి ఒక ఎండిపోయిన ఏటి ఇసుకలో ఎత్తైన రాతిప్రాకారం కనిపించింది, దాని లోపల గలగలమని ఒకటే చప్పుడు వినిపించింది. ద్వారం తెరిచే ఉంది. లోపలికి అడుగుపెట్టగానే అది ధడాలున మూసుకుంది.

లోపల తాటిచెట్టంత రాక్షసుడు ఉన్నాడు. వాడి ఒంటిమీద వెంట్రుకలకు బదులు తాళంచెవులు వేలాడుతున్నాయి. ఇనుపవి, ఇత్తడివి, దంతపువి, చేపముల్లువి. వాడు ఒక్క క్షణమైనా కదలకుండా ఉండలేడు. కూర్చుంటే చెవులు గుచ్చుకుని లేస్తాడు, లేస్తే గలగలమని తన చప్పుడుకు తానే ఉలిక్కిపడతాడు.

"రా పిల్లా, రా! నేను గలగలాసురుణ్ణి. ఏ తలుపు తెరవాలి? ఏ భోషాణం? ఎవరి కోట? అడగడమే ఆలస్యం!"

"తామ్రగిరి రాకుమారి ఆటపెట్టె తాళంచెవి కావాలి," అంది చెంగల్వ.

"ఓ, అదా! వర్తకుడి వేషంలో ఆ పిల్లకు నేనే అమ్మాను. ఇంకోటుంది. వెల మామూలే. నీ నిద్ర నాకిచ్చెయ్."

"నిద్రా?"

"అదే, కళ్ళు మూస్తే వస్తుందే, అది. నీకెందుకు చెప్పు? సగం బతుకు దాని పాలే అవుతుంది. నేను పోగేసుకుంటున్నాను. ఎంత పోగేసినా నాకు మాత్రం కునుకు పట్టదు, ఏం చేస్తాం!"

వాడు ఒక సన్నని రాగిచెవి ఆమె ముఖం ముందు ఆడించాడు. చెంగల్వ మనసు ఊగిసలాడింది. నిద్ర పోతే పోయింది, ఇప్పుడే వెనక్కి పరుగెత్తవచ్చు. అక్కడ అద్దంలో బీట ఎంతదాకా పాకిందో! చెయ్యి చాపబోయి, అంతలో ఆగి అడిగింది:

"ఇది హేమలేఖను బయటికి తెస్తుందా?"

"లోపలికి పంపుతుంది."

"నేనడిగింది బయటి సంగతి."

"లోపలికి బ్రహ్మాండంగా పంపుతుంది!" అన్నాడు గలగలాసురుడు, చూపు పక్కకు తిప్పుకుని.

చెంగల్వ చెయ్యి వెనక్కి తీసుకుంది. "ఈ చెవులన్నీ నువ్వే చేశావా?"

"చెయ్యడమా! అంత ఓపిక ఎవరికుంది? అన్నీ కొట్టుకొచ్చినవే, లేదా కొట్టుకొచ్చినవాటిని చూసి గీకినవే. ఆ పెట్టె చేసిన యక్షిణి ఒక్కదాని దగ్గరే నా ఆటలు సాగలేదు. అది కాపురముండే కొండ ఒకచోట పడి ఉండదు, నడుస్తూనే ఉంటుంది. నల్లవాగుకు నీళ్ళు తాగడానికి వస్తుందని కాపు కాశాను. నా గలగల విని లేడిపిల్లలా పారిపోయింది. సరే, చెవి తీసుకుంటావా?"

"వద్దు. నేను వెళ్తాను."

"కొనకుండా వెళ్ళే ఆచారం ఇక్కడ లేదు," అన్నాడు రాక్షసుడు. వాడి గొంతు మారింది. ఒంటిమీది తాళంచెవులన్నీ ముళ్ళలా నిక్కబొడుచుకున్నాయి.

చెంగల్వ ఒక అడుగు వెనక్కి వేసింది. అయినా ముఖం మామూలుగా పెట్టి సంచిలోంచి గిలక్కాయ తీసింది. ఎర్రటి లక్క గిలక్కాయ అది. ఎక్కడా అతుకు లేదు, కన్నం లేదు. ఊపితే లోపల ఏదో కదిలింది.

"ఏ తాళమైనా తెరుస్తానన్నావు కదా. లోపల ఏముందో దీన్ని పగలగొట్టకుండా తీసి చూపించు. నువ్వు చూపిస్తే నా నిద్రంతా నీదే. చూపించలేకపోతే నా దారిన నన్ను పోనివ్వు."

గలగలాసురుడు గిలక్కాయను చెవి దగ్గర పెట్టుకుని ఊపాడు. వాడి కళ్ళు మెరిశాయి. ఒక తాళంచెవి పెట్టి చూశాడు, కన్నం లేదు. ఇంకో తాళంచెవితో గీకాడు. తలకిందులుగా పట్టుకున్నాడు. "ఉండు, ఉండు, ఇదిగో వచ్చేస్తోంది," అంటూ ప్రాకారం చుట్టూ తిరగసాగాడు.

"ఒప్పుకో, ఓడిపోయావు."

"ఓడిపోవడమా! పో, పో! నువ్వుంటే నా బుర్ర పనిచెయ్యడం లేదు. దీన్ని మాత్రం తీసుకుపోనివ్వను!" అని వాడే వచ్చి ద్వారం తెరిచి ఆమెను బయటికి నెట్టాడు. చెంగల్వ వెనక్కి తిరిగి చూడకుండా పరుగెత్తింది.

*

నల్లవాగు ఒడ్డున ఆమె తన కాలి మువ్వలు విప్పి సంచిలో అడుక్కి కుక్కేసింది. రెల్లుపొదల్లో దాక్కుని ఊపిరి బిగబట్టి కూర్చుంది. కూర్చోవడం కంటే పరుగెత్తడమే సులువనిపించింది. చీమ కుట్టినా కదలలేదు. పొద్దు వాలుతుండగా దూరాన ఉన్న కొండల్లో ఒకటి మెల్లగా లేచింది. చెట్లూ, బండలూ, పైన తిరుగుతున్న కొంగలతో సహా గేదెలా ఊగుతూ వచ్చి, వాగు ఒడ్డున మోకరిల్లి నీళ్ళు తాగింది. చెంగల్వ అడుగు చప్పుడు కాకుండా వెళ్ళి దాని చరియ మీద ఒక ఊడల తీగను పట్టుకుంది. కొండ లేచింది. ఆమె కాళ్ళు గాల్లో తేలాయి. ఎలా పాకిందో, ఎన్నిచోట్ల చర్మం గీసుకుపోయిందో ఆమెకే తెలియదు. శిఖరం మీద పడేసరికి ఒక ముసలావిడ ఎదురుగా నిలబడి ఉంది. ఆమె చేతుల్లో ఏదో చిన్న యంత్రం. వేళ్ళు దాన్ని విప్పుతూ, మళ్ళీ బిగిస్తూ ఉన్నాయి.

"కూర్చోమనను. ఈ కొండ మీద ఎవరూ కూర్చోలేరు, దొర్లిపోతారు. నిలబడే చెప్పు," అంది యక్షిణి.

చెంగల్వ రొప్పుతూ అంతా చెప్పింది. యక్షిణి వేళ్ళు కాసేపు ఆగాయి.

"ఆగమన్నాను కదా," అంది నెమ్మదిగా.

"ఆగలేకపోయింది అవ్వా. తప్పే. కానీ ఇప్పుడు మేము ఆగితే అద్దం ఆగదు. ఆ చెవి ఏదో చెప్పు, నీకు పుణ్యముంటుంది."

"నాకు తెలీదు."

"పెట్టె చేసింది నువ్వే కదా!"

"చేశాను, మరిచిపోయాను. కావాలనే మరిచిపోయాను తల్లీ. నా బుర్రలో ఉంటే ఆ గలగలగాడు నన్ను కట్టేసి అయినా లాగేవాడు. ఏ పెట్టె చెవి ఆ పెట్టె గుండెలోనే ఉంటుంది. బయట దొరికేదేదైనా దొంగదే. దొంగచెవి లోపలికి దారి చూపిస్తుంది, వెనక్కి దారి చెరిపేస్తుంది. అసలు చెవి తిరిగిందంటే ఆ బేరం, వాడు గుంజుకున్న నిద్ర, అన్నీ రద్దు."

ఆ తర్వాత యక్షిణి చెప్పిందిది. పెట్టె గుండెలో రెండు చెవులున్నాయి. రెండూ అక్షరాల వరసలే. ఒకటి పెట్టెకు చెందిన మూలచెవి, రెండోది బంగారు బిళ్ళకు చెందిన కథచెవి. మూలచెవి లేకుండా కథచెవి పనిచెయ్యదు. వాటిని వినాలంటే పెట్టెను నిద్రపుచ్చి, పూర్తిగా మేలుకోకముందే మగతలో పలకరించాలి. పెట్టె కుడిపక్కన సన్నని గాడి ఉంది. అందులో కొక్కెం పెట్టి మీట నొక్కితే పెట్టె మగతగా లేస్తుంది. కొక్కెం ఇనుముదైతే పెట్టె కాలిపోతుంది. కర్రదైతే విరిగిపోతుంది.

"ఒళ్ళంతా పెంకులుండే అలుగు జంతువు పెంకుతో చెయ్యాలి. అదీ అలుగు మనసారా ఇచ్చిందై ఉండాలి. చంపి తెచ్చావో, పెట్టె నోరు విప్పదు. ఇంకో మాట. పెట్టె నిద్రపోయినంతసేపూ మీ రాకుమారికి ఊపిరి ఆడదు. చెయ్యి తడబడకూడదు. పెట్టె నిన్నొక ప్రశ్న అడుగుతుంది. అబద్ధం చెప్పకు. అక్షరాల్లో ఒక్కటి తప్పినా మంచు తప్ప ఏమీ కనిపించదు. ఇక దిగు, అడవి వచ్చింది."

నిజంగానే కొండ ఒక అడవి అంచున వంగింది. "అవ్వా, నువ్వే వచ్చి..." అనబోయేలోగా చెంగల్వ కాళ్ళ కింద నేల జారింది. ఆకుల మీద వచ్చి పడింది. కొండ అప్పటికే దూరంగా వెళ్ళిపోతోంది.

*

ఆ అడవి పేరు కదలాడవి. అక్కడ చెట్లు ఒకచోట నిలవవు. చెంగల్వ గుర్తుగా గీత గీసిన మద్దిచెట్టు కాసేపటికి ఎడమవైపు కనిపించేది, మరి కాసేపటికి వెనక నడిచొచ్చేది. దారి అడగడానికి మనిషి లేడు. ఆమె చెట్లను నమ్మడం మానేసి పుట్టలను వెతికింది. అలుగు తినేది చెదలే కదా! పుట్టలు నడవవు. ఒక పుట్ట దగ్గర తవ్విన మట్టి, దాని పక్కన ఈడ్చిన తోక గీత కనిపించాయి. ఆ గీత వెంటే వెళితే ఒక బండకు వీపు రుద్దుకుంటూ, గుండ్రాయి అంత పెద్ద ముసలి అలుగు కనిపించింది.

"అబ్బబ్బ, అందదు. ఎంత రుద్దినా అందదు!" అని మూలుగుతోంది.

"ఏమైంది తాతా?"

అలుగు ఉలిక్కిపడి సగం ముడుచుకుంది. పిల్ల ఒక్కతే ఉందని చూసుకుని మళ్ళీ విప్పుకుంది. "నడుం దగ్గర ఒక పెంకు లేచింది తల్లీ. ఊడి రాదు, అతుక్కోదు. దాని కింద చీమలు చేరి దురద. కునుకు లేదు, తిండి లేదు. అలా తిరుగుతూనే ఉన్నాను."

"నేను తీస్తాను. తీసిన పెంకు నాకిస్తావా? నా నేస్తం ప్రాణం దాని మీద ఉంది."

"పెంకు అడిగినవాళ్ళంతా నా ప్రాణం అడిగినవాళ్ళే. నేస్తం కోసం అడిగినదానివి నువ్వొక్కదానివే. తీసుకో. కానీ విను. నొప్పి పుడితే నేను ముడుచుకుంటాను. నా ఇష్టం కాదు, ఒంటికి అలవాటు. చెయ్యి లోపల చిక్కుకుంటే తెగిపోతుంది."

చెంగల్వ చెకుముకిరాయితో నిప్పు చేసి లక్కకడ్డీని వేడిచేసింది. మెత్తబడ్డ లక్కను లేచిన పెంకు మీద అదిమి, చల్లారేదాకా ఊదింది. "లాగనా తాతా?"

"మాట్లాడుతూ లాగు. ఏదో ఒకటి మాట్లాడు."

"మా హేమలేఖ ఆటలో ఓడిపోతే రాకుమారినని చెప్పి ఇంకోసారి ఆడనిమ్మనేది. నేను గెలిస్తే మాత్రం..." అంటూనే ఒక్క గుంజు గుంజింది. అలుగు ముడుచుకుంది. పెంకుల అంచులు చురకత్తుల్లా మూసుకున్నాయి. చెంగల్వ చెయ్యి వెనక్కి లాక్కుంది కాని, అరచేయి అడ్డంగా చీరుకుపోయింది. నెత్తురు మణికట్టు దాకా కారింది. లక్కకడ్డీ చివర మాత్రం పెంకు వచ్చేసింది.

అలుగు మెల్లగా తల బయటపెట్టింది. "తెగిందా? క్షమించు తల్లీ. ... ఆహా! చల్లగా ఉంది! నువ్వు మాట్లాడుతూ ఉంటే ఏం జరిగిందో తెలియనే లేదు. గెలిస్తే మాత్రం ఏమనేది?"

"అలిగేది," అంది చెంగల్వ. నొప్పికో, గుర్తొచ్చినదానికో కళ్ళనీళ్ళు వచ్చాయి. అలుగు ఆమెను అడవి అంచు దాకా తనకు తెలిసిన పుట్టల దారిన తీసుకువెళ్ళి వదిలింది.

*

ఆమె కోట చేరేసరికి మిట్టమధ్యాహ్నం, ఈదురుగాలి. అద్దంలో బీట ఈ మూల నుంచి ఆ మూలకు పాకేసింది. దాని వెనక కుంకుమ పావడా పిల్ల ఇంకా పరుగెడుతూనే ఉంది, కాళ్ళు ఈడుస్తూ. పోలన్న కూతురి చేతికట్టు చూసి, దాన్ని బిగించి కట్టాడు. పెంకు అందుకుని అరగదీసి, వంచి, సన్నని కొక్కెం చేశాడు.

"మహారాజా, కాసేపు అద్దం చీకటవుతుంది. అప్పుడు రాకుమారికి ఊపిరి ఆడదు," అంది చెంగల్వ.

భద్రకేతు మహారాజు కిటికీ దగ్గరికి వెళ్ళాడు, తలుపు దగ్గరికి వెళ్ళాడు, మళ్ళీ వచ్చాడు. "ఇంకో దారి లేదా?"

"ఉంటే నేను ఇన్నాళ్ళు తిరిగేదాన్ని కాదు."

"సరే, కానివ్వు," అని రాజు కూతురి పాదాలు పట్టుకుని నేల మీదే కూర్చుండిపోయాడు.

చెంగల్వ పాత పెట్టె మీటను అదిమి పట్టుకుంది. అద్దం ఆరిపోయింది. హేమలేఖ వేళ్ళు ఆగాయి. ఆమె ఛాతీ కదలడం ఆగింది. చెంగల్వ కొక్కెం గాడిలోకి తోసి మళ్ళీ మీట నొక్కింది. అద్దం వెలగలేదు. నల్లగానే ఉండి, లోతుల్లోంచి ఒక మగతగొంతు వచ్చింది.

"ఎవరది? నేను ఎవరిదాన్ని?"

"నాది" అంటే చాలు, ఈ నిమిషంలోనే చెవులు వచ్చేస్తాయేమో. నాలిక చివరిదాకా వచ్చింది ఆ మాట. రాజు వెక్కిళ్ళు వినిపిస్తున్నాయి. చెంగల్వ పళ్ళు బిగించి అంది: "నువ్వు నాదానివి కాదు. నీ యజమాని నీ లోపలే ఉంది. ఆమె గొంతు నీకొక్కదానికే వినిపిస్తుంది. ఆమెనే అడుగు, ఈ చెంగల్వకు చెవులు చెప్పమంటావా అని."

చీకటి అద్దంలో ఎక్కడో చాలా అడుగున కుంకుమరంగు చుక్క ఒకటి కనిపించింది. అది పరుగెత్తడం మానింది. ఇటు తిరిగింది. తల ఊపింది.

పెట్టె చెప్పడం మొదలుపెట్టింది. ఒక అక్షరానికీ ఇంకో అక్షరానికీ పొంతన లేదు, అర్థం లేదు. చెంగల్వ విన్నది విన్నట్టు పైకి అంటుంటే, పోలన్న కొత్త పెట్టె లోపల లక్క పూసిన రెండు గూళ్ళలో సూదితో చెక్కుతూ పోయాడు. పైగూటిలో మూలచెవి, కిందిగూటిలో కథచెవి. చివరి అక్షరం కాగానే చెంగల్వ కొక్కెం లాగేసింది. పాత అద్దం వెలిగింది, హేమలేఖ ఒక్కసారి గట్టిగా ఊపిరి తీసుకుంది. ఆ వెంటనే అద్దం పటపటమని చిట్లసాగింది.

"ఆనించు నాన్నా!"

పెట్టెను పెట్టెకు ఆనించారు. కొత్త అద్దం నిండా మంచు. తెల్లటి మంచు, అంతే.

"తప్పలేదే! నువ్వన్నదంతా చెక్కానే!" అన్నాడు పోలన్న.

చెంగల్వ కళ్ళు మూసుకుని మూలచెవిని మొదటి నుంచి మళ్ళీ గొణుక్కుంది. ఒకచోట ఆమె నాలిక బండకు తగిలినట్టు ఆగింది. అక్కడ పెట్టె గొంతు గరుకుగా పలికిందని గుర్తొచ్చింది. ఆమె గభాలున తండ్రి చెక్కిన వరస చూసింది.

"నాన్నా, ఇక్కడ నువ్వు మామూలు ర చెక్కావు. అది బండి ఱ! యక్షిణి పాతకాలం మనిషి. దిద్దు, తొందరగా!"

పోలన్న లక్క మీద నిప్పు చూపించి, వేలితో చెరిపి, బండి ఱ చెక్కాడు. పాత అద్దం ముక్కలై రాజు ఒళ్ళో రాలింది. అదే క్షణాన కొత్త అద్దంలో మంచు విడిపోయింది. పచ్చటి పొలాల మధ్య, ఇంతకుముందు లేని ఒక ద్వారం తెరుచుకుని ఉంది. దాని ముందు కుంకుమ పావడా పిల్ల నిలబడి ఉంది. ఇటువైపు చూసి, అడుగు వేసి, ద్వారం దాటింది.

కిటికీ పక్కన హేమలేఖ రెప్పలు ఆర్పింది. "చెంగల్వా, నీ చేతికేమైందే?" అంది. వెంటనే తల వాల్చేసింది.

"అమ్మా! తల్లీ!" అని రాజు కేక పెట్టాడు.

చెంగల్వ వంగి, నేస్తం ముక్కు దగ్గర చెవి పెట్టి విని, నవ్వేసింది. "గురక పెడుతోంది, మహారాజా!"

*

హేమలేఖ మేలుకోవడానికి చాలాసేపు పట్టింది. మేలుకున్నాక గుక్కెడు పాలు తాగి, తండ్రినీ చెంగల్వనూ దగ్గరికి పిలిచింది.

"ఆ బిళ్ళలో ఉన్నది రాక్షసులు, మాయకోటలు కాదు నాన్నగారూ. మన రాజ్యమే. ప్రతి పల్లె, ప్రతి వాగు. ఉప్పుపాలెంలో ఆడవాళ్ళు మంచినీళ్ళ కోసం ఎంత దూరం నడుస్తున్నారో చూశాను. వంతెన లేక కొలిమిగూడెం పిల్లలు ఏరు ఈదుతున్నారు. ఆగి ఎవరితోనైనా మాట్లాడదామంటే కాళ్ళు ఆగలేదు. పలకరిస్తే ఎవరికీ వినపడలేదు. ఏడుపొచ్చింది."

"అందుకేనేమో యక్షిణి దాన్ని పట్టాభిషేకం రోజున చూడమంది," అన్నాడు రాజు.

"తొందరపడి చూశాను. దండన అనుభవించాను. కానీ చూసిందేదీ మరిచిపోలేదు."

మంచి ముహూర్తం చూసి భద్రకేతు మహారాజు కూతురికి కిరీటం పెట్టాడు. మర్నాడు కొలువులో హేమలేఖారాణి చెంగల్వను పిలిచి తన మంత్రిణిగా ప్రకటించింది. సింహాసనం పక్కన చెంగల్వకు ఆసనం వేయించారు. ఆమె దానివైపు చూసింది, రాణివైపు చూసింది.

"కూర్చోవాలా?" అంది.

"కూర్చుంటే ఎలా?" అని హేమలేఖ సింహాసనం దిగింది. "ఉప్పుపాలెం వెళ్ళాలి. అటు నుంచి కొలిమిగూడెం. ఈసారి ప్రతి ఇంటి ముందూ ఆగుదాం. అందరితో మాట్లాడదాం. పద!"

పొద్దెక్కకముందే కోటద్వారం దాటి రథం బయల్దేరింది. ఉప్పుపాలేనికి తియ్యటి నీటి కాలువ వచ్చింది, కొలిమిగూడెం ఏటి మీద వంతెన లేచింది. ఆ తర్వాత ఇంకో ఊరు, ఇంకో ఊరు. వాళ్ళిద్దరి రథం తిరుగుతూనే ఉంది పిల్లలూ, మన కథ మాత్రం ఇక్కడ ఆగింది.